కరుణామయుడు వెనుక ఉన్న మనిషి



తుంగతుర్తి నుండి ఒక సహోదరుడు ఉత్తరం రాశారు. "అయ్యగారూ, క్రిస్మసుకు మా మందిరం ముందు తెర కట్టి 'కరుణామయుడు' వేద్దామని యౌవనస్థులు అంటున్నారు. తీసినవాళ్లు విశ్వాసులు కారు, సినిమా ఎప్పటికీ సినిమానే అని పెద్దలు వద్దంటున్నారు. మీరేమంటారు?" అని అడిగారు.

చిన్న ప్రశ్నలా కనిపిస్తుంది గానీ, దీని మీద మాటా మాటా పెరిగి మాట్లాడుకోవడం మానేసిన కుటుంబాలు సంఘాలలో ఉన్నవి. అందుకని అవునో కాదో చెప్పేముందు, అసలు దాన్ని తీసినాయన ఎవరో తెలుసుకుందాము.

ఆయన పేరు ఎ. భీమ్‌సింగ్. 1924 అక్టోబరు 15న జన్మించారు. పెద్దలు చెప్పింది నిజమే, ఆయన క్రైస్తవ కుటుంబంలో పుట్టిన మనిషి కాడు. కృష్ణన్, పంజు అనే జంట దర్శకుల దగ్గర ఎడిటింగ్ పనిలో చేరి, 1954లో 'అమ్మయప్పన్' అనే తమిళ చిత్రంతో దర్శకుడయ్యారు. ఆయన సినిమాల పేర్లు చాలావరకు 'ప' అక్షరంతోనే మొదలవుతాయి. (తమిళంలో ప, భ రెంటికీ అక్షరం ఒకటే.) భాగప్పిరివినై, పడిక్కాద మేదై, పాసమలర్, పావమన్నిప్పు, పాలుం పళముం. దాదాపు అన్నీ ఇంటి కథలే. అన్నదమ్ములు వేరుపడటం, అన్నాచెల్లెళ్లు ఎడబాయటం, పెంచిన ప్రేమ, కన్న ప్రేమ.

తమిళ సినిమాలతో మనకేమి పని అనుకోకండి. 1959 నాటి భాగప్పిరివినై తెలుగులో 1961లో 'కలసివుంటే కలదు సుఖం' అయింది. 1961 నాటి పాసమలర్ మరుసటి ఏడాదే 'రక్తసంబంధం' అయింది. ఆ రెండూ తెలుగులో తీసినవారు వేరు. కాని రామారావు, సావిత్రి అన్నాచెల్లెళ్లుగా కనబడితే మన అమ్మమ్మలు, నాయనమ్మలు కొంగు తడిసేదాక ఏడ్చారు గదా! ఆ కన్నీళ్లకు మూలం భీమ్‌సింగ్. ఆ సంగతి వారికి తెలియదు. హిందీలో 'ఖాందాన్', 'ఆద్మీ' కూడా ఆయనవే. తెలుగులో నేరుగా 'ఒకే కుటుంబం' (1970), 'బంగారు మనిషి' (1976) తీశారు.

వీటిలో పావమన్నిప్పు గురించి కొంచెం ఆగి చెప్పాలి. ఆ మాటకు పాప క్షమాపణ అని అర్థము. ఒక తండ్రి చేసిన దుర్మార్గం వల్ల పసిబిడ్డలు చెదిరిపోయి, ఒకడు ముస్లిం ఇంట రహీముగా, ఒక పిల్ల జేమ్స్ అనే క్రైస్తవుని ఇంట మేరీగా పెరుగుతారు. రహీము ముఖం ఆసిడ్‌తో కాలిపోయినా మేరీ అతన్ని విడువదు. 1961లోనే ఈ మనిషి ఒక క్రైస్తవ గృహాన్ని ఎగతాళి చేయకుండా, గౌరవంగా తెర మీద నిలిపాడు. ఆ రోజులలో మన సినిమాలలో క్రైస్తవుడంటే ఎక్కువగా తాగుబోతు పాత్రో, క్లబ్బులో నాట్యం చేసే స్త్రీయో అని గుర్తుచేసుకుంటే, అది ఎంత అరుదో తెలుస్తుంది.

అలాంటి మనిషి చేతికి యేసుప్రభువు జీవిత కథ వచ్చింది. తెచ్చినాయన విజయచందర్, టంగుటూరి ప్రకాశం పంతులుగారి మనుమడు. నిర్మాత ఆయనే, ప్రభువు పాత్ర ధరించినదీ ఆయనే. చేతిలో డబ్బు చాలక చిత్రం ఆగుతూ సాగుతూ సంవత్సరాలు పట్టింది. ఇంకా పూర్తి కాకమునుపే, 1978 జనవరి 16న, యాభై మూడేండ్ల వయసులో భీమ్‌సింగ్ కన్నుమూశారు. ఫ్రాన్సిస్కన్ సభకు చెందిన గురువు క్రిస్టఫర్ కొయెల్హో దాన్ని పూర్తి చేయడంలో చేయి వేశారు. ఆ ఏడాది డిసెంబరు 21న, క్రిస్మసుకు నాలుగు రోజుల ముందు, చిత్రం విడుదలైంది. దర్శకుడు చూడలేదు.

సిలువ మోసే ఘట్టంలోని పాట రాసింది మోదుకూరి జాన్సన్, తెనాలి దగ్గరి కొలకలూరు మనిషి. పాడింది యస్.పి. బాలసుబ్రహ్మణ్యం. ఆ పాట శుక్రవారపు ఆరాధనలలోకి ఎలా వచ్చి చేరిందో మీకు నేను చెప్పనక్కరలేదు.

ఆ తరువాత జాన్ గిల్మన్ అనే అమెరికా దేశస్థుడు ఈ చిత్రాన్ని 'దయాసాగర్' పేరిట దేశమంతా తిప్పే పని తలకెత్తుకున్నాడు. అనేక భాషలలోకి డబ్బింగ్ జరిగింది. ప్రొజెక్టరు, జనరేటరు, తెర బండికెత్తుకొని బృందాలు పల్లె పల్లెకు పోయాయి. 1979లో లూకా సువార్తను పట్టుకొని ఇశ్రాయేలు దేశంలో తీసిన 'జీసస్' అనే విదేశీ చిత్రం కూడా తెలుగులో మన ఊళ్లకు వచ్చింది. మంచి చిత్రమే. కాని అందులో మనవాళ్లు దూరదేశపు యేసును చూశారు. కరుణామయుడులో మరియమ్మ ఏడిస్తే మన ఇంటి తల్లి ఏడ్చినట్టుంటుంది. ఇరవై ఏండ్లు తల్లుల దుఃఖమే తీసిన చేయి అది. బుర్రకథ, గొల్లసుద్దులు విని 1940లలో లేచి నిలబడిన ప్రాంతం మనది. సూర్యాపేట, తుంగతుర్తి మనుషుల గుండెకు పాట, ఆట ఎంత దగ్గరో ఎరిగినవారికి, ఆ తెర ముందు జనం ఎందుకు కదలకుండా కూర్చున్నారో అర్థమవుతుంది.

ఇక పెద్దల అభ్యంతరానికి వద్దాము. వారిది మూఢత్వమని నేను అనను. విజయచందర్ ముఖమే ప్రభువు ముఖమని నమ్మి చేతులు జోడించినవారున్నారు. ఆయనే 1986లో షిర్డీ సాయిబాబా వేషం వేసేసరికి కొందరు విశ్వాసులు నొచ్చుకున్నారు. అందులో నటుని తప్పేమీ లేదు. వేషం వేయడం ఆయన వృత్తి. ముఖాన్ని పట్టుకొని వేలాడినది మనము. పది ఆజ్ఞలలో రెండవది ఎందుకు ఉన్నదో పెద్దలు గుర్తుచేస్తే వినవలసిందే.

అయితే తీసినవాడు విశ్వాసి కాడు గనుక వద్దనే మాట నేను ఒప్పుకోను. సొలొమోను మందిరానికి దేవదారు మ్రానులు పంపినది తూరు రాజైన హీరాము. కొట్టినది అతని పనివారు. ఆ మ్రాను మీద ఎవరి చేయి పడిందని ఇశ్రాయేలీయులు మందిరంలోకి వెళ్లడం మానలేదు. భీమ్‌సింగ్ హృదయంలో ఏమున్నదో దేవునికి తెలుసు. మన చేతిలో ఉన్నది ఆయన పని మాత్రమే, అది శ్రద్ధగా చేసిన పని.

కాబట్టి తుంగతుర్తి యౌవనస్థులారా, వేయండి. పెద్దలను ముందు వరుసలో కుర్చీలు వేసి కూర్చోబెట్టండి. ఇది నటుల చిత్రమని, ప్రభువు ఛాయాచిత్రం కాదని మొదలుపెట్టకముందే పాస్టరుగారు చెప్పాలి. ఒకే ప్రొజెక్టరు ఉన్న రోజులలో రీలు మార్చడానికి ఆట ఆగేది. ఆ సందులో సువార్తికులు రెండు మాటలు చెప్పేవారు. ఇప్పుడు రీళ్లు లేవు, ఆగదు. గనుక సిలువ ఘట్టానికి ముందు మీరే ఆపి, దీపాలు వేసి, లూకా 23వ అధ్యాయం చదివించండి. మన తల్లులలో ఎవరిచేతనైనా చదివిస్తే మరీ మంచిది.