తెలుగు స్త్రీల స్వీయచరిత్రలు: ఎడబాటు, ఒంటరి మాతృత్వము

నన్నయభట్టు ఆదిపర్వములో శకుంతల కొడుకును వెంటబెట్టుకొని దుష్యంతుని నిండుకొలువునకు వచ్చి, ఆమె యెవరో తానెరుగనని రాజు పలికినపుడు తొట్రుపడక, సత్యమును ధర్మమును ఎత్తిచూపి ఆతనిని నిలదీసిన ఘట్టమును మనవారు పదునొకండవ శతాబ్దినుండి చదువుకొనుచున్నారు. కావున పురుషుడు కాదన్న బిడ్డను ఒంటిగా పెంచిన తల్లి తెలుగు సాహిత్యమునకు క్రొత్త పాత్ర కాదు. అటు పండితుల కావ్యములు అట్లుండగా, ఇటు ఇండ్ల నడవలలో స్త్రీలు తమలో తాము పాడుకొన్న రామాయణపు పాటలలో, నిండుచూలాలై అడవిపాలైన సీత కవలలను కని పెంచుటయు, పదునాలుగేండ్లు భర్తృవియోగమున నిద్రించిన ఊర్మిళ, ఎదుట నిలిచిన భర్తను పోల్చుకొనలేక పరపురుషుడని మందలించుటయు మిక్కిలి విస్తారముగా, వాల్మీకికి లేని చనువుతో వర్ణితములయ్యెను. ఆ పాటలు పాడిన యమ్మలకు సీత దుఃఖము పరాయిది కాదు. కాని అది సీత పేరనే వెలువడవలసియుండెను. తన పేరు చెప్పుకొని, తన మగని గూర్చి, తన బిడ్డల గూర్చి, ఇది నా కథ యని తెలుగు స్త్రీ అచ్చులో పలుకుటకు ఇరువదవ శతాబ్దిలో చాల భాగము గడచిపోయినది.

స్వీయచరిత్ర యను ప్రక్రియ మనకు కందుకూరి వీరేశలింగము పంతులుగారితో స్థిరపడినది. రాజమహేంద్రవరమున 1881 డిసెంబరు 11వ తేదీని జరిగిన మొదటి వితంతువివాహము మొదలు, వారు పడిన పాట్లు, ఎదిరించిన బహిష్కారములు, తోడ్పడిన మిత్రుల పేర్లు అన్నియు వారి గ్రంథమున చదువుకొనగలము. ఆ పెండ్లిపీటలపై కూర్చున్న గౌరమ్మ తన వరుని చూచి ఏమనుకొన్నదో, మరుసటి యేడాదికి ఆ యింట ఎట్లు కుదురుకొన్నదో ఆమె మాటగా మనకు మిగులలేదు. ఇది పంతులుగారి లోపమని నేననను. ఉద్ధరించిన వారి కథయు, ఉద్ధరింపబడిన వారి కథయు వేరువేరు చేతులు వ్రాయవలసినవి. రెండవ చేయి చాల ఆలస్యముగా కలము పట్టినది. ఏడిదము సత్యవతి ‘ఆత్మచరితము’ 1934లో వెలువడినను, దాని వెనువెంట మరికొందరు నడచిరని చెప్పుటకు వీలులేదు. ఆ కాలముననే చలముగారు ‘మైదానము’లో రాజేశ్వరి చేత తన ప్రేమను తానే చెప్పించిరి. ఆ గ్రంథము చేసిన మేలు నేనెరుగుదును. అయినను రాజేశ్వరి నోట పలికినది ఒక పురుషుని ఊహయే. ప్రేమించి ఇల్లు విడిచిన స్త్రీకి నెలతిరుగునప్పటికి బియ్యమెక్కడినుండి వచ్చును, బిడ్డకు జ్వరము వచ్చిన రాత్రి తలుపు తట్టదగిన ఇల్లేది అను ప్రశ్నలు ఆ ఊహకు అంతగా తోచలేదు. అవి అనుభవించినవారికే తోచును.

అనుభవించినవారు వ్రాసినపుడు, ప్రేమను గూర్చి వారు చూపిన పొదుపు నన్ను ఆశ్చర్యపరచినది. భానుమతీ రామకృష్ణ ‘నాలో నేను’ దీనికొక మినహాయింపు: ‘కృష్ణప్రేమ’ చిత్రమునకు సహాయదర్శకుడుగా పనిచేయుచున్న యువకుని తాను వలచుటయు, తండ్రి యొప్పకపోవుటయు, 1943లో పట్టుబట్టి ఆతనినే పెండ్లాడుటయు ఆమె దాపరికము లేక, తన సహజమైన ధీమాతో చెప్పుకొనెను. కాని ఆ వివాహము నిలిచినది. నిలిచిన ప్రేమను చెప్పుటకు ధైర్యము కొంత చాలును. దుర్గాబాయి దేశ్‌ముఖ్ చెప్పవలసివచ్చినది వేరు. ఎనిమిదవ యేట జరిగిన పెండ్లిని, యుక్తవయస్సు వచ్చి తన మనస్సు తానెరిగిన పిదప కాదనుకొని, ఆ భర్తను మరియొకతెను వివాహమాడుమని తానే ఒప్పించిన వృత్తాంతమును ఆమె ‘చింతామన్ అండ్ ఐ’ అను నాంగ్లగ్రంథమున కొద్ది మాటలలో ముగించెను. ఆతడు మరణించిన తరువాత ఆ రెండవ భార్యకు బ్రతుకుతెరువు చూపుట తన పూచీగా తలంచినదన్న ముక్క చదివినపుడు, సవతియను పాత మాటకు మన కథలలో నున్న అర్థమంతయు తలక్రిందులైనట్లు తోచినది. 1953 జనవరిలో ఆమె చింతామన్ దేశ్‌ముఖ్‌ను పెండ్లాడెను. ఆ యేడాదియే ఏర్పడిన కేంద్ర సాంఘిక సంక్షేమ మండలికి తొలి అధ్యక్షురాలై, బడి మానివేసిన వయోజన స్త్రీలు తక్కువ కాలములో మెట్రిక్కు గట్టెక్కుటకు తగిన సంక్షిప్త విద్యాక్రమములను ఆ మండలిచే ప్రోత్సహింపజేసెను. అంతకు పూర్వమే ఆమె మద్రాసులో నెలకొల్పిన ఆంధ్ర మహిళా సభ హైదరాబాదునకును విస్తరించినది. ఈ సంస్థను ఇచ్చట ప్రత్యేకించి పేర్కొనుటకు కారణము, తెలుగులో ఒంటరి తల్లి వ్రాసిన అత్యుత్తమ స్వీయచరిత్ర దాని తలుపులగుండా నడచి వచ్చుటయే.

ఆ స్వీయచరిత్ర కొండపల్లి కోటేశ్వరమ్మ ‘నిర్జన వారధి’. 1918లో కృష్ణాజిల్లా పామర్రున పుట్టిన ఆమెకు నాలుగైదేండ్ల ప్రాయమున పెండ్లి జరిగినది, రెండేండ్లు తిరుగకుండనే ఆ భర్త పోయినాడు. పెండ్లియు వైధవ్యమును రెండును ఆమెకు ఇతరులు చెప్పగా తెలిసిన సంగతులే. పిదప కొండపల్లి సీతారామయ్యతో పునర్వివాహము. వీరేశలింగముగారు జరిపించిన మొదటి వివాహమునకు అరువది యేండ్లు కావచ్చినను, వితంతువును కోడలుగా తెచ్చుకొనుట పల్లెటూళ్లలో అప్పటికిని చిన్న సంగతి కాదు. దంపతు లిరువురును కమ్యూనిస్టు పార్టీలో చేరిరి. పాటలు పాడుచు, నాటకములాడుచు సభలలో తిరిగిన ఆమె, పార్టీపై నిషేధము వచ్చిన తరువాత బిడ్డలను ఎడబాసి, ఊరూరు మారుచు, పేరు మార్చుకొని రహస్యజీవనము గడపవలసివచ్చెను. ఆ నిర్బంధము తొలగి, ఇక సంసారము కుదుటబడునని తలచునంతలో భర్త ఆమెను విడిచిపెట్టెను.

విధవకు మన సంఘము ఒక స్థానమును, అది యెంత హీనమైనదైనను, ఏర్పరచియుండెను. ఏమి ధరింపవలెనో, ఏ శుభకార్యమునకు ఎదురు రాగూడదో, ఎవరి పంచన పడియుండవలెనో అన్నిటికిని విధులు కలవు. భర్త బ్రదికియుండి విడిచిన స్త్రీకి ఆ పాటి స్థానమును లేదు. అద్దెయిల్లు అడుగబోయిన చోటనెల్ల మీ ఆయన ఏం చేస్తుంటారమ్మా అను ప్రశ్నయే ముందుగా ఎదురగును. వైధవ్యమును, పరిత్యాగమును రెంటిని చూచినది కోటేశ్వరమ్మ. ముప్పదియైదేండ్లు దాటిన వయస్సున ఆమె హైదరాబాదు చేరి, ఆంధ్ర మహిళా సభలో మెట్రిక్కు చదువునకు కూర్చుండెను. బిడ్డలకు అండగా ఆమె తల్లి అంజమ్మ నిలిచినది. చదువుకొనుచునే కథలు వ్రాసి, ఆకాశవాణిలో కార్యక్రమములిచ్చి, వచ్చిన కొద్దిపాటి సొమ్ముతో గడుపుకొని, ఆ కొద్దిలోను పార్టీకి చందా యిచ్చుట మానలేదు. తరువాత కాకినాడలో బాలికల వసతిగృహమున ఉద్యోగము దొరకినది. ఏండ్ల తరబడి పరుల ఆడుబిడ్డల అన్నము, జ్వరము, చదువు చూచుటయే ఆమెకు జీవనాధారమైనది.

ఈ గ్రంథమున గమనింపవలసిన నిర్మాణవిశేషమొకటి కలదు. తన్ను విడిచిన భర్త కాలక్రమమున పీపుల్స్‌వార్ పార్టీ వ్యవస్థాపకుడై దేశమంతట పేరుమోసినవాడు. ఆతనిని గూర్చి ఎంత వ్రాసినను చదువుటకు జనము సిద్ధముగా నుందురు. ఆమె యా ఆకర్షణకు లొంగలేదు. ఆతడెందులకు విడిచెనో త్రవ్వి చూపదు, తన్ను సమర్థించుకొనదు, ఆతని రాజకీయములను తన గాయముతో కొలువదు. ఆ స్థలమంతయు పనికి, స్నేహములకు, ఆపదలో అన్నముపెట్టిన ఇండ్లకు కేటాయించినది. ఎవరు ఎప్పుడు ఎంత సాయము చేసిరో ఆమె మరువలేదు. ఇంటి జమాఖర్చులు తానే చూచుకొనవలసివచ్చిన మనిషి జ్ఞాపకశక్తి అది. ప్రేమకథలో కానరాని ఒంటరి మాతృత్వపు చరిత్ర ఆ లెక్కలలోనే కానవచ్చునని నా నమ్మకము.

కడగండ్లు అంతటితో ముగియలేదు. ఓరుగల్లులో ఇంజనీరింగు చదువునకు చేరిన కొడుకు నక్సలైటు ఉద్యమమున ప్రవేశించి తిరిగి రాలేదు. వైద్యురాలైన కూతురు, భర్త అకాలమరణానంతరము తన ప్రాణము తాను తీసికొనెను. అరువదికి చేరువైన వయస్సున కోటేశ్వరమ్మ ఇద్దరు మనుమరాండ్రకు మరల తల్లి కావలసివచ్చెను. అంజమ్మ కూతురి బిడ్డలను కనిపెట్టుకొని యున్నట్లే, కోటేశ్వరమ్మయు తన కూతురి బిడ్డలను కనిపెట్టుకొని యుండెను. రెండు తరములలోను ఇంటి భారమును మోసినది అమ్మమ్మయే. వృద్ధాప్యమున రోగగ్రస్తుడైన సీతారామయ్య తన్ను చూడగోరినాడని తెలిసినప్పుడు ఆమె వెంటనే సమ్మతింపలేదు. ఆ సందర్భమును వ్రాసిన పుటలలో కసియు లేదు, క్షమించితినన్న గొప్పయు లేదు. తెలుగు వచనములో దాంపత్యమును గూర్చి ఇంతటి నిగ్రహముతో వ్రాసిన పుటలు నేనెక్కువగా చదువలేదు.

అక్షరములు దిద్దుకొన్న కోటేశ్వరమ్మ తొంబది దాటిన పిదప వ్రాయగలిగెను. కలము పట్టనివారి మాట ఏమి? 1946 మొదలు 1951 వరకు జరిగిన తెలంగాణ సాయుధపోరాటమున పాల్గొన్న స్త్రీల నోటి మాటలను ఊరూరు తిరిగి టేపులలో నెక్కించి, హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనవారు 1986లో ‘మనకు తెలియని మన చరిత్ర’గా ప్రచురించిరి. అందు కమలమ్మ కథ కలదు. దొరల గడీలో దాస్యముచేసిన కుటుంబమున పుట్టి, దళముతో అడవిలో నున్న కాలమున బిడ్డను కని, పసికందు ఏడుపు పోలీసులకు ఆనవాలగునని, ఆ బిడ్డను పరుల చేతులలో పెట్టవలసివచ్చిన తల్లి ఆమె. ఈ కథనమును నేను ఎన్నిసార్లు చదివినను, ఆమె వాక్యములు విరుగు చోట్లనే ఆగిపోవుచుందును. మాటలాడిన మాటను మాటలాడినట్లే ఉంచి, మాండలికమును దిద్దకుండ అచ్చువేసిన ఆ సంపాదకులకు తెలుగు చరిత్రరచన చాల ఋణపడియున్నది. పోరాటము విరమించిన తరువాత ఈ స్త్రీలలో పెక్కురు ఎక్కడికి పోవలెనో తెలియక నిలిచిపోయిరి. త్యాగము చేసినప్పుడు వీరాంగనయైన మనిషి, తిరిగి ఊరికి వచ్చినప్పుడు మగవారితో అడవులుపట్టి తిరిగిన ఆడది అయ్యెను.

ఈ జ్ఞాపకములన్నియు ఇంత ఆలస్యముగా వచ్చుటకు సిగ్గు, సంకోచము కారణములని పలువు రందురు. నేనట్లు తలంపను. తల్లి నోరు విప్పినచో బిడ్డ పెండ్లి ఆగును. కొడుకు ఉద్యోగపు దరఖాస్తులో తండ్రి పేరు ఉండవలెను. తండ్రి తరపు బంధువు ఒకడైనను శుభలేఖపై కానరావలెను. బిడ్డలకు ఊరిలో చోటు దొరకుటకై తల్లి చెల్లించిన మూల్యము మౌనము. చట్టమును ఆ మౌనమునే బలపరచినది. 1955 హిందూ వివాహచట్టము విడాకులకు దారి తెరచినను, 1956 నాటి మైనారిటీ, సంరక్షకత్వ చట్టము బిడ్డకు సహజసంరక్షకుడు తండ్రి యనియు, ఆతని తరువాతనే తల్లి యనియు వ్రాసినది. ఆ తరువాత యను మాటకు తండ్రి మరణించిన పిదప అనియే అర్థము కాదని, తండ్రి లేనియెడల, పట్టించుకొనని యెడల తల్లియే సంరక్షకురాలగునని సుప్రీము కోర్టు చెప్పుట 1999లో గాని జరుగలేదు. పెండ్లికాని తల్లి, బిడ్డ తండ్రి పేరు వెల్లడింపకయే సంరక్షకత్వము కోరవచ్చునని అదే న్యాయస్థానము 2015లో తీర్పు చెప్పినది. ‘నిర్జన వారధి’ వెలువడినది 2012లో. అప్పటికి కొడుకునకు గాని, కూతురునకు గాని తల్లి మాటవలన కలుగగల నష్టమేమియు మిగిలియుండలేదు. కోటేశ్వరమ్మ 2018 సెప్టెంబరులో, నూరేండ్లు నిండిన పిదప, విశాఖపట్టణమున మరణించెను.