సురభి కమలాబాయి

సురభి కమలాబాయి తెలుగు రంగస్థల, చలనచిత్ర నటి, గాయని. తొలి పూర్తి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’లో లీలావతి పాత్ర ధరించి, తెలుగు వెండితెర మొదటి కథానాయికగా పేరు పొందింది. బొమ్మతో పాటే మాట, పాట వినిపించే చిత్రాన్ని ఆ రోజుల్లో టాకీ అనేవారు; అంతకు ముందువి మూకీలు.

వనారస గోవిందరావు 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ‘కీచక వధ’ ప్రదర్శనతో ఆరంభించిన నాటక సమాజం ఆ ఊరి పేరుతోనే ప్రసిద్ధికెక్కగా, దాని నటీనటులకు ‘సురభి’ ఇంటిపేరులా స్థిరపడింది. 20వ శతాబ్ది తొలి దశకంలో ఆ కుటుంబంలోనే కమలాబాయి పుట్టింది. నిండు గర్భిణి అయిన తల్లి నాటకమాడుతూ రంగస్థలం మీదనే ఆమెను ప్రసవించిందని సురభి వారు చెప్పుకుంటారు. స్థానం నరసింహారావు వంటి పురుషులు స్త్రీ పాత్రలతో మెప్పిస్తున్న ఆ కాలంలో, కుటుంబమే సమాజమైన సురభిలో ఆడవారి వేషాలు ఆడవారే కట్టేవారు. కమలాబాయి బాల్యంలో కృష్ణుడు, ప్రహ్లాదుడు వంటి పాత్రలు వేసి, పెరిగాక పురుష పాత్రలలోనూ రాణించింది.

ఆమెను తెరకెక్కించిన ప్రహ్లాదుని కథ ఉత్తరాంధ్రకు మరీ దగ్గరిది. విశాఖపట్నం చెంతనున్న సింహాచలం స్థలపురాణం ప్రకారం, హిరణ్యకశిపుడు కొడుకును కడలిలో పడవేయించగా విష్ణువు కాపాడాడు. వరాహ, నరసింహ రూపాలు కలిసిన స్వామికి ప్రహ్లాదుడే తొలి ఆలయం కట్టించాడు. సంస్కృత భాగవతంలో ప్రహ్లాదుని తల్లి పేరు కయాధువు కాగా, తెలుగువారికి పరిచయమైన పేరు లీలావతి. భర్త ఆగ్రహానికీ బిడ్డ భక్తికీ నడుమ నలిగిపోయే ఆ పాత్ర నాటకాల్లో నటికి చేతినిండా పని కల్పించేది.

హెచ్. ఎం. రెడ్డి దర్శకత్వంలో బొంబాయిలో తీసిన ‘భక్త ప్రహ్లాద’లో మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడిగా, సిందూరి కృష్ణారావు ప్రహ్లాదుడిగా నటించగా, చందాల కేశవదాసు పాటలు రాశాడు. నేపథ్యగానం, అంటే ఒకరు పాడగా మరొకరు పెదవులు కదిపే పద్ధతి, ఇంకా రాలేదు కనుక కెమెరా ముందు నటిస్తూనే పాడగలిగినవారు కావలసి వచ్చి, నిర్మాతలు రంగస్థలం వైపే చూశారు. 1931 సెప్టెంబరు 15న విడుదలైందని చాలాకాలం రాస్తూ వచ్చినా, 1932 జనవరి 22న సెన్సారయి ఫిబ్రవరి 6న బొంబాయిలో విడుదలైందని పాత్రికేయుడు రెంటాల జయదేవ పరిశోధన తేల్చింది. లీలావతి తల్లి పాత్రే గాని ప్రణయ నాయిక కాదు కాబట్టి, ‘మొదటి కథానాయిక’ అన్న బిరుదును ఇక్కడ కాస్త సడలించి అర్థం చేసుకోవాలి.

నాయిక అన్న మాటకు పూర్తిగా తగిన పాత్రలు అదే ఏడాది లభించాయి. బాదామి సర్వోత్తం దర్శకత్వంలో వచ్చిన ‘పాదుకా పట్టాభిషేకం’లో అద్దంకి శ్రీరామమూర్తి రాముడు కాగా ఆమె సీత, ‘శకుంతల’లో యడవల్లి సూర్యనారాయణ దుష్యంతుడి సరసన శకుంతల. తరువాత సాగర్ చిత్ర నిర్మాణ సంస్థ పిలుపుపై బొంబాయిలో నిలిచి, దాదాపు పదేళ్ల పాటు హిందీ చిత్రాల్లో నటించింది. తెలుగు నాటకాల బిడ్డ పరభాషలో అంతకాలం నిలదొక్కుకోవడం ఆనాటికి చిన్న సంగతి కాదు.

మళ్లీ తెలుగుకు వచ్చేనాటికి నాయిక స్థానాలు కొత్త తరానికి దక్కాయి. కె. వి. రెడ్డి దర్శకత్వంలో 1951లో వచ్చిన ‘పాతాళ భైరవి’లో ఎన్టీ రామారావు పోషించిన తోట రాముడికి ఆమె తల్లి, మొదటి చిత్రం చూడని ప్రేక్షకుల్లో చాలామందికి ఆమె ముఖం ఆ తోటమాలి ఇంటి తల్లిగానే గుర్తు.