వానల పంచాంగము

మానవుడు కాలమును కొలుచుటకు మొదట ఆకసమును చూచెను. చంద్రుని వృద్ధిక్షయములవలన మాసమును, సూర్యుని గమనమువలన వత్సరమును నిర్ణయించుకొనెను. కాని సేద్యగానికి ఈ రెండును చాలలేదు. అతనికి కావలసినది వాన జాడ. అందుచేత తెలుగునాట తిథివారములతో కూడిన పంచాంగమునకు తోడుగా వానల పంచాంగమొకటి పుట్టినది. దానిని రచించిన సిద్ధాంతి పేరెవ్వరికిని తెలియదు. అది రైతుల నోటను, వారి విత్తనపు గంపలోను నిలిచియున్నది. కర్నూలు జిల్లా పడమటి యంచున, తుంగభద్రకు చేరువనున్న కౌతాళపు సీమలో దాని స్వరూపమును స్పష్టముగా చూడవచ్చును.

ఈ పంచాంగమునకు మాసములు లేవు, కార్తెలు కలవు. సూర్యుడు ఒక్కొక్క నక్షత్రమునందుండు కాలమే కార్తె. నక్షత్రములు 27, కావున ఒక్కొక్క కార్తెకు 13 లేక 14 దినములు వచ్చును. తిథులవలె ఇవి యేటేట ముందువెనుకలు కావు, అధికమాసము నపేక్షింపవు. రోహిణి మే 25 ప్రాంతమునను, మృగశిర జూన్ 8 ప్రాంతమునను, ఆర్ద్ర జూన్ 22 ప్రాంతమునను ప్రవేశించును. పండుగలకు చాంద్రమానము, సేద్యమునకు కార్తె యని మన పూర్వులు పని పంచిపెట్టిరి.

కౌతాళము, ఆదోని, ఎమ్మిగనూరు ప్రాంతముల జనులు నైరుతి వానలను ముంగారనియు, వెనుకటి వానలను హింగారనియు పిలుతురు. 1953 అక్టోబరు 1వ తేదీవరకు ఈ సీమ బళ్ళారి జిల్లాలోనిది గనుక, ఇచ్చటి తెలుగునకు కన్నడముతో పొత్తు మెండు. ఎర్రనేలలో ముంగారుకు వేరుసెనగ, కొర్ర మున్నగునవి విత్తుటయు, నల్లరేగడిలో హింగారును నమ్మి ఉత్తర, హస్త కార్తెలలో జొన్న, సెనగ విత్తుటయు ఇచ్చటి వాడుక.

కార్తెలు ఏటిలోని దినములను తెలుపగా, ఏండ్ల లెక్కకు వానలు తెచ్చిన యుత్పాతములు గురుతులైనవి. ప్రభవాది సంవత్సరములు అరువదియేండ్లకొకమారు తిరిగి వచ్చును. ధాత నామ సంవత్సరము 1876లో వచ్చినది, 1936లో వచ్చినది, 1996లోను వచ్చినది. అయినను ధాత కరువన్నచో ఒక్కటే. 1876లో వానలు తప్పి, 1878వరకు దక్షిణదేశమును పీడించిన ఆ క్షామమున మద్రాసు రాజధానిలో మిక్కిలి నష్టపోయిన జిల్లాలలో బళ్ళారి యొకటి. తీరసీమలో ఇట్లే 1864 నవంబరు 1వ తేదీనాటి బందరు ఉప్పెనయు, 1977 నవంబరు 19వ తేదీనాటి దివిసీమ ఉప్పెనయు కాలమునకు పొలిమేరరాళ్ళయినవి. తుంగభద్ర యొడ్డువారికి 2009 అక్టోబరు నాటి వరద అట్టిది. బిడ్డ వయస్సు అడిగినచో, వరదనాటికి నడక నేర్చినదని తల్లి చెప్పును. అక్షరము రానివారి చరిత్రగ్రంథమిదియే.

తుపానులతో కాలమును గుర్తించుట పల్లెజనుల యమాయకత్వమని నవ్వువారికి నేటి ఖగోళశాస్త్రమే సమాధానము చెప్పుచున్నది. కుజగ్రహమున వత్సరమునకు మన దినములు 687. ఆ వత్సరములకు సంఖ్య లేనందున, పరిశోధకులు 2000లో ప్రకటించిన యొక పత్రమున 1955 ఏప్రిల్ 11వ తేదీని మొదటి కుజవత్సరారంభముగా గైకొనిరి. 1956లో దూరదర్శినులకు కానవచ్చిన గొప్ప ధూళితుపాను ఆ మొదటి వత్సరమునందే చేరినది. ఆ గ్రహమున ధూళి రేగు ఋతువు నియతమైనది. దాని దక్షిణార్ధమునకు వసంతము, గ్రీష్మము వచ్చినపుడు రేగును. కాని గ్రహమంతయు కప్పు మహాతుపాను ప్రతి వత్సరమును రాదు. 1971లో అచ్చటికి చేరిన మారినరు 9 నౌక, ధూళి యణగువరకు నేలను చూడజాలక వేచియుండవలసి వచ్చినది. ఋతువు నిశ్చయము, తుపాను అనిశ్చయము. శాస్త్రజ్ఞులు ఈ రెంటిని వేర్వేరుగా వ్రాసికొనుచున్నారు.

ఈ వివేకము మనకు క్రొత్తది కాదు. కౌటిల్యుని యర్థశాస్త్రమున ధాన్యాగారము ముందర మూరెడు వెడల్పు నోరుగల కుండమునుంచి వానను కొలువవలెనని విధి కలదు. జాంగలదేశమునకు 16 ద్రోణములు, అశ్మకమునకు 13న్నర ద్రోణములని దేశభేదమును సైతము అందు చెప్పిరి. ఆ యశ్మకము నేటి బోధను పరిసరమని చరిత్రకారులు పలువురు తలంతురు. ఆరవ శతాబ్దమునాటి వరాహమిహిరుడు బృహత్సంహితలో అట్టి పాత్రనే చెప్పి, 50 పలముల నీటిని ఆఢకమనెను. అతడే, పూర్వశాస్త్రములు చెప్పిన అయనారంభము తన కాలమునకు మారియుండుట గమనించి, ప్రత్యక్షపరీక్షచే తేల్చుకొనుడని బోధించెను.

ఉగాదినాడు పంచాంగశ్రవణమున ఆఢకమను మాట నేటికిని వినవచ్చుచున్నది. ఇన్ని భాగములు సముద్రమున, ఇన్ని పర్వతములందు, ఇన్ని భూమియందు కురియునని సిద్ధాంతి చదువును. మాట నిలిచినది, కుండము పోయినది. కురిసినదానిని కొలుచుటకు పుట్టిన మాట, కురియబోవుదానిని శాసించుటకు దిగినది.

మరియొక విషయము. కార్తెలు నక్షత్రములతో ముడివడినవగుటచే ఋతువులకంటె సుమారు 71 ఏండ్లకొక దినము చొప్పున ఆలస్యమగుచున్నవి. వరాహమిహిరుని నాటికిని నేటికిని భేదము ఇంచుమించు 20 దినములు, అనగా ఒకటిన్నర కార్తె. రోహిణి ఎండకు రోళ్ళు పగులునను సామెత మన యనుభవమునకు సరిపడుచున్నదనిన, అది యనాదినుండి మార్పులేక వచ్చినది కాజాలదు. నడుమ రైతులు తమ లెక్కను తామే దిద్దుకొనియుండవలెను. మార్పును పాపముగా నెంచువారు ఈ దిద్దుబాటును స్మరింపవలెను.

ఇది పండితుల వాదముగా తోచవచ్చును గాని, కౌతాళపు రైతునకిది కూటి ప్రశ్న. కార్తె వచ్చినదని పదును చాలకయే విత్తి, వెనువెంటనే బెట్ట తగిలి మొలక మాడినచో, రెండవమారు విత్తనమునకు అప్పే దిక్కు. ముంగారును హింగారును తప్పిన యేట ఇండ్లకు తాళములు పడును. కుటుంబములు గుంటూరు సీమ మిరపచేలకు, పత్తిచేలకు కూలికి తరలును. దీనిని ఇచ్చట సుగ్గి యందురు. కన్నడమున సుగ్గి యనగా పంటకోతల సంబరము. సంబరమునకు పేరైన మాట ఇచ్చట వలసకు పేరైనది. తల్లిదండ్రుల వెంట పోయిన పిల్లల పలక ఆ యేటికి అటకెక్కును.

కావున చేయదగిన దేమి? కార్తెలను విడువ నక్కరలేదు; అవి ఎపుడు ఆకసమువంక చూడవలెనో తెలుపు మంచి చట్రము. వాన వచ్చునని అవి మాట యియ్యలేదు. మండలకేంద్రమున వర్షమాపకమున్నను, ఒక యూర కురిసిన మేఘము ప్రక్క యూర కురియదు. ప్రతి గ్రామపు పాఠశాలలో నొక కొలపాత్రనుంచి, పిల్లలచేత కార్తెకొక పంక్తి వ్రాయింపవలెను. ఉగాదినాడు పంచాంగశ్రవణము ముగియగనే ఆ పుస్తకమును గూడ రచ్చబండ కడ చదివింపవలెను. సిద్ధాంతి చెప్పినదెంత, కురిసినదెంత యని జనులే విందురు. పది యేండ్లు విన్నచో, ఏ కార్తెలో విత్తనము వేయవలెనో, ఎపుడు చేయి బిగబట్టవలెనో వారికొకరు చెప్పనక్కరలేదు.

కౌటిల్యుని కుండమును మరల వాకిట నిలుపుట పూర్వాచారమునకు ద్రోహము కాదు; మనము నడుమ జారవిడిచిన పూర్వాచారమదియే.