తార్నాక చాయలలో ఆహార్యవిద్య

భరతముని ఆంగిక వాచిక సాత్త్వికములతో పాటు ఆహార్యమును గూడ అభినయముగా పరిగణించెను. కాని మన చలనచిత్రముల చరిత్ర వ్రాసినవారు నటులను, దర్శకులను, గాయకులను కీర్తించినంతగా, ఆ నటుల మేనికి వస్త్రములు సమకూర్చిన చేతులను స్మరింపలేదు. ఇది నాకు మిక్కిలి బాధ కలిగించు విషయము.

హైదరాబాదున ఈ విద్యకు పూర్వరంగము నాకు ఉస్మానియా ప్రాంగణముననే కనబడుచున్నది. 1918లో ఉర్దూ బోధనాభాషగా స్థాపితమైన ఆ విశ్వవిద్యాలయమున, 1939లో ఆర్ట్స్ కళాశాల రాతిసౌధము ప్రారంభమగు నాటికి, షేర్వానీయే విద్యార్థులకు మర్యాదవేషము. కంఠమును బిగించు నిలువు కాలరు, మెడనుండి వరుసగా దిగు గుండీలు, మోకాలినంటు అంచు: దానిని తొడిగినవాడు నడుము వంచి నిలువజాలడు. హిందువులును ముసల్మానులును సమానముగా ధరించిన ఆ వస్త్రము ఒక రాజ్యపు నాగరకతకు చిహ్నము. అదే రాజ్యమున, దొర గడీ యెదుట వెట్టి చేయు మనిషికి నడుమున గోచియు భుజమున గొంగడియు మాత్రమే గతి. ఈ రెంటిని ఒక్క చూపున చూడనేర్చినవాడే తెలంగాణ కథకు వేషము కట్టగలడని నా నమ్మకము.

ఆ విశ్వవిద్యాలయపు చెంతనున్న తార్నాక కూడలి దాటినచో వచ్చు నాచారమున 1976లో ఎన్.టి.రామారావు స్టూడియో నెలకొల్పిరి. మరుసటి యేట విడుదలయిన ‘దానవీరశూరకర్ణ’లో ఆయన యొక్కరే కర్ణుడు, దుర్యోధనుడు, కృష్ణుడు అయిరి, ఒక్క దేహము మూడు పాత్రలగుటలో కిరీటమునకు, ఆభరణమునకు, ఉత్తరీయపు కట్టునకు గల పాలు తక్కువది కాదు. ఆ 1977లోనే హైదరాబాదు దూరదర్శన్ కేంద్రము కూడ ప్రసారములకు పూనుకొనగా, పౌరాణిక వైభవము గాక ఇంటింటి నిత్యవేషమును తెరకెక్కించు పని వచ్చిపడినది.

ఆ పని తేలికయని యెంచువారు కాస్ట్యూమరు గదిలో ఒక పూట కూర్చుండి చూడవలయును. పేదరాలి పాత్రకు తెచ్చిన కొత్త చీరను మరల మరల ఉతికి, టీ డికాషనులో ముంచి, మోకాటిచోటను కొంగుచోటను రాతితో రుద్ది, కుచ్చిళ్ల అంచున పోగులు లేపుదురు; మరునాటి చిత్రీకరణలో కంటిన్యూటీ తప్పకుండుటకై ఏ చిరుగు ఎచ్చట నున్నదో గుర్తు పెట్టుకొందురు.

బి.నర్సింగరావు ‘దాసి’ చిత్రమున ఈ విద్య పరాకాష్ఠ నందినది. గడీలో బ్రతుకీడ్చిన దాసి కథ అది. దానికి దుస్తులు రూపొందించిన చిత్రకారుడు పిట్టంపల్లి సుదర్శన్ 1988వ సంవత్సరపు జాతీయ పురస్కారము నందుకొనిరి. నాటినుండి ‘దాసి’ సుదర్శన్‌గానే ప్రసిద్ధులైరి. తోట వైకుంఠానికి కళాదర్శకత్వమునకును, అర్చనకు నటనకును అదే చిత్రమునకు జాతీయ పురస్కారములు లభించినవి. ఇంటిపేరును మించి ఒక కాస్ట్యూమరు చేసిన పనియే ఆయన పేరగుట తెలుగునాట అరుదు.

నేడు ఈ వృత్తి నెంచుకొను యువతీయువకులకు కుట్టుపనిని, రంగుల మేళనమును నేర్పు విద్యాలయములు కలవు. పాత షేర్వానీల కత్తిరింపును, పల్లె చీరకట్టును, గొంగడి నేతను సేకరించి భద్రపరచు భారమును మాత్రము ఉస్మానియా ప్రాంగణమే వహింపవలసియున్నది.