కుట్టు మనకు కొత్త కాదు



కుట్టుమిషన్ నేర్చుకోవడానికి పోయిన మన చెల్లెళ్లు కొందరు ఒక మాట చెప్పారు. అక్కడ మొదటి రోజే "తండా పిల్లలకు సూది పట్టడం కూడా మేమే నేర్పాలి" అన్నారట. ఆ మాటకు కోపం తెచ్చుకునే ముందు చరిత్ర చూద్దాం.

మన పెద్దలది లదేణి బతుకు. ఎద్దుల మీద ధాన్యం, ఉప్పు వేసుకుని దేశమంతా తిరిగారు. 17వ శతాబ్దంలో వచ్చిన ఫ్రెంచి వ్యాపారి టావెర్నియర్ పది, పన్నెండు వేల ఎద్దుల బిడారుల గురించి రాశాడు. 1791లో శ్రీరంగపట్నం మీదికి పోయిన కారన్‌వాలిస్ సైన్యానికి తిండిగింజలు చేర్చింది కూడా బంజారాలే. అన్ని ఎద్దులంటే ఎన్ని గోతాలు! దారిలో గోతం చిరిగితే దర్జీ కోసం ఆగితే కుదరదు. కుట్టు వదులైతే గింజలు బాట పొడవునా కారిపోతయి.

తర్వాత రైలు వచ్చింది, లదేణి పోయింది. 1871 చట్టంతో బ్రిటిష్ ప్రభుత్వం సంచార జాతులు ఎన్నిటికో నేరస్తుల ముద్ర వేసింది. మన వాళ్లకూ అది తప్పలేదు. ఆ ముద్ర 1952లో గానీ పోలేదు. తెలంగాణలో మనల్ని ఎస్టీల్లో చేర్చింది 1976 చట్టం. ఇంత జరిగినా మన ఆడవాళ్ల చేతిలో సూది ఆగలేదు.

నమ్మకపోతే యాడి పేటియా తిప్పి లోపలి వైపు చూడండి. ఊరికే సూది ముందుకు పోయే కచ్చా కుట్టుకు ఒక చోట దారం తెగితే వరసంతా జారుతుంది. అందుకే బరువు పడే చోట ప్రతి పోటుకూ సూది కొంచెం వెనక్కి వచ్చి మళ్లీ ముందుకు పోతుంది. అంచు దారాలు లేవకుండా మడిచి కుడతారు. అద్దానికి రంధ్రం ఉండదు కదా, మరి ఎట్లా నిలుస్తుంది? ముందు దాని మీద అడ్డం నిలువు దారాలు బిగించి, ఆ దారాలను పట్టుకుని చుట్టూ కుడతారు. మిషన్ క్లాసులో నేర్పే జాయింటు, మడత, అంచు కుట్టు పని కూడా ఇదే.

మిషన్ నేర్చుకోండి, దాంతో నాలుగు రూపాయలు వస్తయి. కానీ ఈసారి తండాకు పోయినప్పుడు దాది పక్కన ఒక గంట కూర్చోండి. ఒక్కో కుట్టును మన గోర్ బోలిలో ఏమంటారో అడిగి రాసుకోండి, ఫోటో తీసి ఇక్కడ పెట్టండి. పాత పేటియా అమ్మేస్తే కొత్తది కొనుక్కోవచ్చు. దాన్ని కుట్టే చేయి పోతే ఎక్కడ కొంటాం?