దాస్యవిమోచనము – విశాఖ మండలపు వలసకూలీలు

దాస్యము తొలగెనని శాసనమున వ్రాసినంతమాత్రమున దాస్యము తొలగునా? ఈ ప్రశ్నకు ఆఫ్రికా పశ్చిమతీరమునందలి లైబీరియా చరిత్రము గొప్ప నిదర్శనము. అమెరికానుండి వచ్చిన విముక్తదాసులును, స్వతంత్రులగు నల్లజాతివారును 1822 మొదలు అచట నివాసము లేర్పరచుకొని, 1847 జూలై 26వ తేదీన స్వతంత్రరాజ్యమును ప్రకటించిరి. తమ రాజ్యమున దాస్యము కూడదని రాజ్యాంగమునందే వ్రాసికొనిరి. అయినను వారి సంతతివారు ఆ దేశపు తెగలపై ప్రభువులైరి. నానాజాతిసమితి పక్షమున 1930లో జరిగిన విచారణవలన, ఆ తెగలవారిని బలాత్కారముగా ఫెర్నాండోపో దీవికి కూలికి పంపుట బయల్పడగా, అధ్యక్షుడు కింగు పదవిని విడువవలసివచ్చెను. 1980 నాటి సైనికవిప్లవమున ఆ వర్గపు ప్రభుత్వ మంతరించెను.

ఇట్టి వైరుధ్యము పరదేశములకే చెందినదని తలపరాదు. మన మండలమునకును ఇందు భాగము గలదు. ఆంగ్ల పార్లమెంటు 1833లో తన వలసరాజ్యములందు దాస్యమును రద్దుచేసెను. విముక్తులు పలువురు చెరకుతోటలను విడిచిపోగా, తోటల యజమానులు భారతదేశమువైపు చూచిరి. మనదేశపు న్యాయస్థానములు దాస్యమును గుర్తింపరాదను 5వ చట్టము 1843లో పుట్టెను. దానికి ముందటి యేటనే, అంతవరకు నిలిపియుంచిన మారిషసు వలస మరల అనుమతింపబడెను. కోరంగిరేవు పేరనే ఆ దీవియందు తెలుగువారు 'కోరంగీ'లని పిలువబడిరి.

దక్షిణాఫ్రికాలోని నేటాలునకు 1860 మొదలు 1911 వరకు 1,52,184 మంది భారతీయులు ఒడంబడికపై పోయిరి. వారి ఓడల పట్టికలలో విశాఖపట్టణమండలము పేరు పెక్కుమారులు కానవచ్చును. తొలియేట కూలి నెలకు 10 షిల్లింగులు, గడువు అయిదేండ్లు. గడువు తీరినవాడు స్వదేశమునకు మరలవలెను, లేదా మరల ఒడంబడవలెను. రెండును కాదన్నచో ఏటేట 3 పౌనుల పన్ను చెల్లింపవలెనని 1895లో చట్టము చేయబడెను. అనగా తొలియేటి కూలిలో సగము స్వేచ్ఛకు వెల! 1913 నాటి కూలీల సమ్మె పిదప, 1914లో గాని ఆ పన్ను తొలగలేదు.

ఆ పట్టికలలో ప్రతి కూలీ పేరునకు ప్రక్కను తండ్రిపేరు, కులము, గ్రామము, తాలూకా గలవు. కాని గ్రామనామములు ఆంగ్లలిపిలో గుర్తింపరాని రీతిని వికృతిచెందినవి. వీనికి సరియైన రూపము నిర్ణయింపగలవారు స్థలమెరిగిన మన ఉపాధ్యాయులే. శాసనము మాటలకును కూలీ బ్రతుకునకును గల దూరమును కొలుచుటకు ఆ పేళ్లే ఆధారములు. వానిని చక్కజేయుట మన పరిశోధకుల కర్తవ్యము.