చల్లనివన్నీ శుభ్రమేనా?

1833 మే 12న టస్కనీ అనే ఓడ అమెరికాలోని బోస్టన్ రేవు నుంచి బయలుదేరింది. అందులోని ప్రధాన సరుకు 180 టన్నుల మంచుగడ్డలు. చలికాలంలో మసాచుసెట్స్ చెరువులపై పేరుకున్న మంచును నలుచదరపు దిమ్మెలుగా కోసి, ఓడ అడుగున వేడి చొరని గదిలో పేర్చారు. నాలుగు నెలలు ప్రయాణించి, భూమధ్యరేఖను రెండుసార్లు దాటి, ఆ ఓడ సెప్టెంబరులో కలకత్తా చేరేనాటికి సుమారు 100 టన్నుల మంచు మిగిలింది. అక్కడి అధికారులు దానిపై దిగుమతి సుంకం రద్దుచేశారు. ఎండకు కరగకుండా రాత్రివేళ దింపుకోవడానికి అనుమతినిచ్చారు. ఈ వ్యాపారానికి మూలపురుషుడు ఫ్రెడరిక్ ట్యూడర్. 1806లో కరీబియన్ దీవి మార్టినిక్‌కు తొలిసారి మంచు పంపినప్పుడు నష్టపోయి నవ్వులపాలైన మనిషి ఇతడే.

భారతదేశంలో అంతకు ముందు మంచు లేకపోలేదు. మొగలుల కాలంలో హిమాలయాల నుంచి లాహోరుకు మంచు వచ్చేది. బెంగాల్‌లో హుగ్లీ పరిసరాల్లో శీతకాలపు రాత్రులు వెడల్పాటి మట్టిమూకుళ్లలో నీళ్లు పోసి ఆరుబయట ఉంచేవారు. తెల్లవారేసరికి పైన పలుచని మంచుపొర కట్టేది. దానిని పోగుచేసి గుంటల్లో దాచేవారు. అది మెత్తగా, మట్టి కలిసి ఉండేది. దాని పక్కన అమెరికా మంచు అద్దంలా మెరిసింది. కంటికి కనిపించే ఆ స్వచ్ఛతనే జనం శుభ్రతగా లెక్కగట్టారు. ఈ పొరపాటు రెండు శతాబ్దాలు గడిచినా పూర్తిగా తొలగిపోలేదు.

మద్రాసు సముద్రతీరంలో ట్యూడర్ మంచును నిలవచేయడానికి 1842లో కట్టిన భవనానికి ఐస్‌హౌస్ అనే పేరు స్థిరపడింది. 1897లో వివేకానందుడు అక్కడే బస చేశాడు. నేడు అది ఆయన పేరుతో స్మారకభవనంగా నిలిచి ఉంది. అమెరికా చెరువుల నీటిని మద్రాసు, బొంబాయి, కలకత్తా వాసులు తాగుతున్నారన్న ఊహ హెన్రీ డేవిడ్ థోరోను ఎంతగానో ఆకర్షించింది. 1854లో వెలువడిన ‘వాల్డెన్’లో ఆయన తన చెరువు నీరు గంగాజలంతో కలుస్తున్నట్టు భావించాడు. ఆ నీటితోపాటు ఇంకేమి కలుస్తున్నదో అడగగలిగే శాస్త్రం అప్పటికి పుట్టలేదు.

మంచును యంత్రంతో తయారుచేయాలన్న తలంపు వెనుక ఒక వైద్యుడున్నాడు. ఫ్లోరిడాలోని అపలాచికోలా పట్టణంలో జాన్ గోరీ జ్వరపీడితులకు చికిత్స చేసేవాడు. మలేరియాకు చెడుగాలి కారణమని ఆనాటి వైద్యలోకం నమ్మేది. గోరీ కూడా అలాగే నమ్మి, గది పైకప్పు దగ్గర మంచు నింపిన పాత్రను వేలాడదీసి, చల్లబడిన గాలి రోగుల మీదికి దిగే ఏర్పాటు చేశాడు. ఉత్తరాది మంచు ఓడ వస్తేనే దొరికేది. అందుకే గాలిని గట్టిగా నొక్కి, ఆ వేడిని తొలగించి, తిరిగి వ్యాకోచింపజేసి చల్లదనం పుట్టించే యంత్రాన్ని నిర్మించాడు. 1851లో దానికి పేటెంటు లభించింది. పెట్టుబడి మాత్రం దొరకలేదు. 1855లో ఆయన మరణించాడు. మలేరియా కారణం విషయంలో ఆయన పొరబడ్డాడు కాని, చల్లదనాన్ని పుట్టించే పద్ధతి విషయంలో పొరబడలేదు.

సహజమైన మంచు తనను తానే శుద్ధి చేసుకుంటుందని ఆ కాలంలో గట్టి విశ్వాసం ఉండేది. దానికి కొంత ఆధారమూ ఉంది. నీరు నెమ్మదిగా గడ్డకట్టేటప్పుడు స్ఫటికం లవణాలను, మలినాలను బయటికి నెట్టివేస్తుంది. సముద్రపు మంచు సముద్రమంత ఉప్పగా ఉండకపోవడానికి కారణం ఇదే. అయితే ఈ వడపోత సంపూర్ణం కాదు. గాలిబుడగల్లో, స్ఫటికాల నడుమ సందుల్లో సూక్ష్మజీవులు చిక్కుకుపోతాయి. 1875లో న్యూహాంప్‌షైర్‌లోని రై బీచ్‌లో ఒక హోటల్ అతిథులు ఉదరవ్యాధికి గురైనప్పుడు, కారణం వెదికినవారు చివరికి మురిగిన చెరువు నుంచి కోసి తెచ్చిన మంచు దగ్గర ఆగారు.

ఈ విశ్వాసాన్ని ప్రయోగశాలలో పరీక్షించినవారిలో టి. మిచెల్ ప్రడెన్ ముఖ్యుడు. న్యూయార్క్ నగరానికి చేరే మంచుపై 1887లో ఆయన అధ్యయనం వెలువడింది. టైఫాయిడ్ సూక్ష్మజీవులున్న నీటిని గడ్డకట్టించి, రోజులు గడిచేకొద్దీ ఎన్ని బతికి ఉన్నాయో లెక్కించాడు. 11 రోజుల తరువాత ఘన సెంటీమీటరుకు 10 లక్షలకు పైగా మిగిలాయి. 103వ రోజున కూడా 7,000కు పైగా సజీవంగా ఉన్నాయి. చలి చాలావాటిని చంపింది, అన్నింటినీ చంపలేదు. టైఫాయిడ్ వంటి వ్యాధి విషయంలో ఆ మిగిలినవే ముఖ్యం. బుడగలు నిండిన మంచులో సూక్ష్మజీవుల సంఖ్య ఎక్కువగా ఉంటుందని కూడా ఆయన గమనించాడు.

నదులలో మురుగునీరు పెరిగేకొద్దీ సహజ మంచుపై నమ్మకం సడలింది. శుద్ధిచేసిన నీటితో కర్మాగారాలు మంచును తయారుచేయసాగాయి. భారతదేశంలోనూ 1870ల తరువాత స్థానిక కర్మాగారాల ముందు అమెరికా మంచు నిలవలేకపోయింది. తెలుగు ఊళ్లలో ఇరవయ్యో శతాబ్దపు వేసవులను తలచుకుంటే ముందుగా గుర్తొచ్చేది ఊక అద్ది గోనెపట్టాలో చుట్టిన ఐసుదిమ్మె. పెళ్లి పందిరి పక్కన దాన్ని సుత్తితో పగలగొట్టి, పైనున్న ఊకను చెంబెడు నీళ్లతో కడిగి, నిమ్మరసంలో వేసేవారు. ఊక పోతే ఐసు శుభ్రపడినట్టే. లోపలి నీరు ఏ బావిదో ఎవరూ అడిగేవారు కారు.

ఆ ప్రశ్న అడగవలసిన అవసరం అమెరికాలోనూ తీరలేదు. 1987లో పెన్సిల్వేనియాలో వరదనీరు చేరిన బావినీటితో తయారైన ఐసు వల్ల నార్వాక్ వైరస్ వ్యాపించి, వేర్వేరు చోట్ల జరిగిన వేడుకల్లో పాల్గొన్నవారు వాంతులు, విరేచనాలతో బాధపడ్డారు. అంతకు రెండేళ్ల ముందు, 1985లో, అమెరికా వైద్యసంఘపు పత్రికలో ఒక పరిశోధన వెలువడింది. రోగకారక సూక్ష్మజీవులున్న ఐసుముక్కలను కోలా, విస్కీ-సోడా, టెకీలా వంటి పానీయాల్లో కరిగించి చూస్తే, ఏ పానీయమూ వాటిని పూర్తిగా నిర్మూలించలేదు. మద్యంలో వేసిన ఐసుతో భయం లేదన్న సామాన్య నమ్మకానికి ఆధారం లేదని దీనితో తేలింది.

ఈలోగా మంచు తయారీ ఇంటిలోకి వచ్చేసింది. 1953లో సర్వెల్ సంస్థ తనంతట తానే ఐసు తయారుచేసే ఫ్రిజ్‌ను అమెరికా విపణిలోకి తెచ్చింది. గొట్టం ద్వారా నీరు వస్తుంది, అచ్చుల్లో గడ్డకడుతుంది, ముక్కలు డబ్బాలో పడతాయి. తరువాత వంటింటి గట్టుమీద పెట్టుకునే చిన్న యంత్రాలూ వచ్చాయి. చెరువు, ఓడ, కర్మాగారం, గోనెపట్టా అన్నీ ఒక్క పెట్టెలోకి కుదించుకుపోయాయి. వాటితోపాటు బాధ్యత కూడా ఇంటివారికే వచ్చింది. కర్మాగారాన్ని తనిఖీ చేసే అధికారి ఉంటాడు, వంటింటికి ఎవరూ రారు.

ఇంటి యంత్రంలో జరిగేది ప్రధానంగా రెండు పనులు. మొదటిది గార కట్టడం. కఠినజలంలోని కాల్షియం, మెగ్నీషియం లవణాలు అచ్చులకు, గొట్టాలకు తెల్లగా అంటుకుంటాయి. రెండవది జీవపొర. తడిగా ఉండే ఉపరితలాలపై సూక్ష్మజీవులు జిగురు స్రవించి, దాని కింద గూడు కట్టుకుంటాయి. గార వల్ల గరుకెక్కిన చోట అది మరింత సులభంగా పట్టు సాధిస్తుంది. వేలికి తగిలే జారుడు, గులాబీ లేదా నల్లని మచ్చలు, ఐసుకు వచ్చే పాచి వాసన దానికి గుర్తులు. ఇక్కడ ఒక వైచిత్రి ఉంది. రుచి కోసం అమర్చే బొగ్గు ఫిల్టర్ నీటిలోని క్లోరిన్‌ను తొలగిస్తుంది. ఆ ఫిల్టర్ దాటిన నీటికి రక్షణగా ఉన్న మందు పోయినట్టే. గడువు తీరిన ఫిల్టర్ తానే సూక్ష్మజీవులకు ఆవాసమవుతుంది.

అందుకే శుభ్రపరచడానికి ఒక వరుస ఉంది. ముందు యంత్రాన్ని ఆపి, పాత ఐసును పారబోయాలి. డబ్బాను, గరిటెను గోరువెచ్చని సబ్బునీటితో కడిగి ఆరబెట్టాలి. తరువాత తయారీదారు సూచించిన సిట్రిక్ ఆమ్లపు ద్రావణం వంటి దానితో గారను కరిగించాలి. గార పోకుండా క్రిమిసంహారకం వాడితే అది కింది పొరను చేరదు. ఆమ్లాన్ని పూర్తిగా కడిగివేసిన తరువాతనే, యంత్రపు సూచనల పుస్తకం అనుమతిస్తే, పలుచని బ్లీచ్ ద్రావణం వాడాలి. రెండూ కలిస్తే ప్రమాదకరమైన క్లోరిన్ వాయువు వెలువడుతుంది. మళ్లీ బాగా కడిగి, మొదట తయారైన ఐసును వాడకుండా పారబోయాలి. ఈ పనిని కొన్ని నెలలకొకసారి, ఫిల్టర్ మార్పును సాధారణంగా ఆరునెలలకొకసారి చేయాలి. గట్టుమీది యంత్రంలో మిగిలిన నీటిని నిలవ ఉంచకూడదు. ఐసును చేతితో కాక గరిటెతో తీయాలి. ఊరిలో నీళ్లు మరిగించి తాగమన్న హెచ్చరిక వెలువడితే అది ఐసుకూ వర్తిస్తుంది.

ఆరోగ్యవంతునికి దీనిలో ముప్పు తక్కువే. కాని ఆస్పత్రుల ఐసు యంత్రాల్లో లెజియొనెల్లా సూక్ష్మజీవులు బయటపడిన సందర్భాలు వైద్యసాహిత్యంలో ఉన్నాయి. కంప్రెసర్ వేడికి గొట్టంలో నిలిచిన నీరు వెచ్చబడితే అవి పెరుగుతాయి. మింగడం కష్టమైన రోగికి ఐసుముక్క చప్పరించమని ఇస్తారు. అది కరిగి ఊపిరితిత్తుల్లోకి జారితే న్యుమోనియాకు దారితీయవచ్చు. కీమోథెరపీ తీసుకునేవారు, అవయవమార్పిడి జరిగినవారు, వయసు మళ్లినవారు ఇంట్లోనూ ఉంటారు. నోటిపుండ్లు రాకుండా కొన్నిరకాల కీమో సమయంలో ఐసు చప్పరించమని వైద్యులే చెబుతారు. ఆ ముక్క ఎక్కడినుంచి వచ్చిందన్నది అప్పుడు చిన్న విషయం కాదు.

వేసవి సెలవుల్లో ఇండియాకు వెళ్లి నెలా నెలన్నర తరువాత తిరిగివచ్చే కుటుంబాలు విదేశాల్లోని తెలుగువారిలో ఎన్నో. ఫ్రిజ్‌లో మిగిలిన పాలు, పెరుగు చూసి పారబోస్తారు. ఐసు డబ్బా మాత్రం నిండుగా, చల్లగా, తెల్లగా కనిపిస్తుంది. అన్నాళ్లూ గొట్టంలో నీరు కదలకుండా నిలిచి ఉంటుంది, డబ్బాలో ఐసు పాతబడి ఉంటుంది. ఊరినుంచి వెంట వచ్చిన పెద్దవారికి మజ్జిగ గ్లాసు అందించే ముందు ఆ డబ్బా ఖాళీ చేసి కడగాలి, గొట్టంలోని నీటిని వదిలివేయాలి, కొత్తగా కట్టిన మొదటి ఐసును కూడా సింకులో పోయాలి.